నేర న్యాయ వ్యవస్థలో మార్పు తలపెట్టేటప్పుడు: ప్రణాళిక, మూల్యాంకనం ఎలా చేయాలి

పోలీసు, ప్రాసిక్యూషన్, న్యాయస్థానం, జైలు, ప్రొబేషన్ (దోషిని జైలుకు పంపకుండా అధికారి పర్యవేక్షణలో ఉంచడం) అనే అయిదు శాఖలకు అయిదు బడ్జెట్లూ అయిదు వార్షిక నివేదికలూ ఉంటాయి. ఆ గుమ్మాలన్నీ ఒకదాని తరువాత ఒకటిగా ఎక్కి దిగే నిందితుడు మాత్రం ఒక్కడే. అతనితోపాటు బాధితురాలి ఫిర్యాదు, సాక్షులు పని మానుకుని వచ్చే రోజులు, ఇరువైపుల కుటుంబాల ఎదురుచూపు కూడా ఆ గుమ్మాల మధ్యనే తిరుగుతాయి. ఒక శాఖ తన పనిని పెంచుకుంటే ఆ బరువు పక్క శాఖలో పోగుపడుతుంది. గస్తీ పెరిగి అరెస్టులు ఎక్కువైతే ప్రాసిక్యూటర్ బల్ల మీద ఫైళ్లు పెరుగుతాయి, విచారణ తేదీలు దూరం జరుగుతాయి, ఇంకా తీర్పు రాని మనుషులతో జైలు నిండుతుంది. అందుచేత ఈ వ్యవస్థలో ఏ మార్పుకైనా కేసు వెంట నడుస్తూ ప్రణాళిక వేయాలని, దాని ఫలితాన్ని కూడా అదే దారి పొడవునా కొలవాలని నా దృఢమైన అభిప్రాయం. మీరు ప్రభుత్వ ప్రణాళికా విభాగంలో ఉన్నా, న్యాయ సహాయ సంస్థలో పనిచేస్తున్నా, ఒక పథకం పనిచేసిందో లేదో తేల్చే బాధ్యత హఠాత్తుగా మీ మీద పడినా, ఈ క్రమంలో వెళ్తే దారి తప్పరు.

1. సమస్యను ఒక్క వాక్యంలో రాయండి

"కొత్త జైలు కట్టాలి", "ఇంకో నాలుగు ప్రత్యేక న్యాయస్థానాలు కావాలి", "శిక్షలు కఠినం చేయాలి" అనే మాటలతో మొదటి సమావేశం మొదలవుతుంది. ఇవన్నీ పరిష్కారాలు. ఏ సమస్యకు పరిష్కారమో ఎవరూ చెప్పకముందే బల్ల మీదికి వస్తాయి, ఒకసారి వచ్చాక వాటిని దింపడం కష్టం. కాబట్టి సమావేశానికి ముందే మీరు ఒక కాగితం మీద ఎవరికి, ఎక్కడ, ఎంత కాలంగా, ఏ ఇబ్బంది కలుగుతోందో ఒక్క వాక్యంలో రాసుకోండి. "చిన్న నేరాల ఆరోపణతో అరెస్టయినవారు, బెయిల్ మంజూరైనప్పటికీ పూచీ చూపలేక, రెండు నెలలకు పైగా జైలులో ఉంటున్నారు" అన్నది సమస్య. ఈ వాక్యం చదివినవారికి కొత్త జైలు ఆలోచన అంత తొందరగా రాదు, ఎందుకంటే ఇబ్బంది గదుల కొరతలో లేదని, పూచీ షరతులో ఉందని అందులోనే కనబడుతోంది.

2. కేసు నడిచే దారిని గీయండి

అమెరికాలో అధ్యక్షుడు నియమించిన నేర నియంత్రణ, న్యాయ పాలన కమిషన్ 1967లో ఇచ్చిన నివేదికలో ఒక పటం ఉంది. నేరం జరిగిన క్షణం నుంచి మనిషి వ్యవస్థలో నుంచి బయటపడేదాకా ఉన్న ప్రతి మలుపునూ, ఏ మలుపు దగ్గర కేసులు పక్కకు తప్పుకుంటాయో, ఎక్కడ దారి సన్నబడుతుందో అందులో గీతల మందంతో సహా చూపారు. వేరు వేరు శాఖలుగా చూసే అలవాటున్న అధికారులకు అదంతా ఒకే ప్రవాహమని ఆ ఒక్క పటం చెప్పింది. మీ ప్రాంతానికి అలాంటి పటం మీరే గీయాలి. ఫిర్యాదు నమోదు, దర్యాప్తు, అరెస్టు, రిమాండ్, బెయిల్, అభియోగపత్రం, విచారణ, తీర్పు, శిక్ష, విడుదల అనే పది గడులు చాలు. ప్రతి గడి కింద ఒక ఏడాదిలో ఎన్ని కేసులు వచ్చాయి, ఎన్ని తరువాతి గడికి వెళ్లాయి, ఎన్ని అక్కడే మూతపడ్డాయి, సగటున ఎన్ని రోజులు ఆగాయి అనే నాలుగు అంకెలు రాయండి.

పటం గీశాక, తీర్పు వచ్చేసిన పాత ఫైళ్లు పాతిక ఎంచుకుని, మొదటి కాగితం నుంచి చివరి కాగితం దాకా మీరే స్వయంగా చదవండి. ఈ పని కింది ఉద్యోగులకు అప్పగించవద్దని మనవి. వాయిదాల పుట తెరిస్తే మీకు ఎదురయ్యేది దాదాపు ఇలా ఉంటుంది. మొదటి తేదీ: "సాక్షి హాజరు. జైలు నుంచి నిందితుడిని తీసుకురాలేదు. వాయిదా." రెండో తేదీ: "నిందితుడు హాజరు. సాక్షికి సమన్లు అందలేదు. వాయిదా." మూడో తేదీ: "ఇద్దరూ హాజరు. ప్రయోగశాల నివేదిక రాలేదు. వాయిదా." నాలుగో తేదీ: "న్యాయాధికారి సెలవు. వాయిదా." ఆ నాలుగు తేదీల్లో ఒక్కో శాఖ మూడేసి సార్లు తన పని సరిగానే చేసింది, ఒక్కొక్కసారి మాత్రమే తప్పింది. తిలా పాపం తలా పిడికెడు అన్నట్టుగా, ఏ ఒక్క శాఖ రిజిస్టరులోనూ పెద్ద లోపం కనబడదు. సాక్షి మాత్రం పనిదినాలు పోగొట్టుకుంది, నిందితుడు అన్నాళ్లూ లోపలే ఉన్నాడు. ఆ పుట చదివినప్పుడల్లా నాకు కష్టంగానే ఉంటుంది, అయినా ప్రణాళిక వేసేవారు తప్పకుండా చదవవలసిన కాగితం అదే.

ఆ పాతిక ఫైళ్లలోని వాయిదాలన్నిటికీ కారణాలు వరుసగా రాసుకుంటే, దేనిని సరిచేస్తే ఎన్ని తేదీలు మిగులుతాయో ఒక అంచనా వస్తుంది. ఎస్కార్టు వాహనం లేకపోవడం ప్రధాన కారణంగా తేలితే, ఇంకో న్యాయస్థానం తెరవడం వల్ల ఎక్కడి గొంగళి అక్కడే ఉంటుంది.

3. అంకెలను నమ్మే ముందు వాటి పుట్టుక తెలుసుకోండి

ఒక కొట్లాటలో ముగ్గురు నిందితులు, ఇద్దరు గాయపడినవారు, అయిదు అభియోగాలు ఉన్నాయనుకుందాం. పోలీసు రిజిస్టరులో అది ఒక కేసు. జైలు లెక్కలో ముగ్గురు మనుషులు. న్యాయస్థానం అభియోగాలను లెక్కిస్తే అయిదు. మూడు శాఖల అంకెలను పక్కపక్కన పెట్టి శాతాలు కట్టే ముందు, లెక్కింపు దేనిదో ప్రతి పట్టిక పైనా రాయాలి. ఈ ఒక్క జాగ్రత్త లేక తప్పుదారి పట్టిన నివేదికలు చాలా ఉన్నాయి.

నమోదైన నేరాల సంఖ్య జరిగిన నేరాల సంఖ్య కాదన్నది మీకు తెలిసే ఉంటుంది. ఫిర్యాదు చేయడానికి భయపడేవారు, చేసి ప్రయోజనం లేదనుకునేవారు, చేసినా నమోదు కానివారు ఆ లెక్కలో ఉండరు. ఈ ఖాళీని పూరించడానికే ఇళ్లకు వెళ్లి "గడిచిన కాలంలో మీకు ఇలాంటిది జరిగిందా" అని నేరుగా అడిగే బాధితుల సర్వేలు వచ్చాయి. అమెరికాలో జాతీయ సర్వే 1973 నుంచి, ఇంగ్లండ్, వేల్స్‌లలో 1982 నుంచి జరుగుతున్నాయి. మీ ప్రాంతంలో అంత పెద్ద సర్వే వీలుకాకపోయినా, ఆసుపత్రుల్లో గాయాల రిజిస్టరునూ పోలీసు నమోదునూ పోల్చి చూడండి. లైంగిక హింస, గృహహింస విషయంలో మంచి పథకం మొదలైన ఏడాది నమోదు పెరగడం సహజం. అంతవరకు నోరు విప్పనివారు ముందుకు రావడమే అందుకు కారణం కావచ్చు, కాబట్టి ఆ పెరుగుదలను వైఫల్యంగా రాసేస్తే మనమే వారికి అన్యాయం చేసినవారమవుతాం.

జైలు లెక్క దగ్గర కాస్త నిదానించాలి. ఒక రోజున లోపల ఉన్నవారి సంఖ్య, రోజుకు సగటున చేరేవారిని సగటున ఉండే రోజులతో గుణిస్తే వస్తుంది. రోజుకు 20 మంది చేరి సగటున 60 రోజులు ఉంటే లోపల 1,200 మంది ఉంటారు. బెయిల్ ఉత్తర్వు వచ్చాక కాగితాలు జైలుకు చేరడంలోనూ, మొదటి విచారణ తేదీ వేయడంలోనూ జాప్యం తగ్గించి ఆ 60 రోజులను 54 చేస్తే సంఖ్య 1,080కి దిగుతుంది. ఎవరి శిక్షా మారలేదు, ఎవరి మీదా కేసు ఎత్తివేయలేదు, అయినా 120 పడకలు ఖాళీ అయ్యాయి. వార్డులు కట్టే అంచనాలు తయారుచేసే ముందు ఈ గుణకారం ఒక్కసారి చేయండి.

ఇదే లెక్కలో ఇంకో మెలిక ఉంది. నెలకు 100 మంది చేరుతున్నారని, వారిలో 90 మంది 10 రోజులకే బయటపడుతున్నారని, 10 మంది 300 రోజులు ఉంటున్నారని అనుకోండి. చేరికల రిజిస్టరు చూసినవారికి పదిమందిలో తొమ్మిదిమంది త్వరగానే వెళ్లిపోతున్నారనిపిస్తుంది. ఏదో ఒక ఉదయం జైలుకు వెళ్లి తలలు లెక్కపెట్టినవారికి మాత్రం దాదాపు 130 మందిలో 100 మంది దీర్ఘకాలం మగ్గుతున్నవారే కనబడతారు. ఇద్దరూ నిజమే చెబుతున్నారు. చేరికల మీద పనిచేసే పథకం రద్దీని పెద్దగా తగ్గించలేదని, ఆ 10 మంది ఎందుకు ఆగిపోయారో కనుక్కుంటేనే తగ్గుతుందని ఈ రెండు లెక్కలను కలిపి చూసినప్పుడే అర్థమవుతుంది.

4. లక్ష్యాలు పెట్టుకోండి, ప్రతి లక్ష్యానికీ ఒక కాపలా పెట్టండి

కొలిచే అంకె మీద ఉద్యోగుల మెప్పు, మందలింపు ఆధారపడితే అంకె మారుతుంది, పని మారకపోవచ్చు. నేరాలు తగ్గించమని పోలీసు స్టేషనుకు లక్ష్యం ఇస్తే ఫిర్యాదుదారును వెనక్కి పంపడం అన్నిటికన్నా తేలిక దారి అవుతుంది. కేసులు త్వరగా తేల్చమని న్యాయస్థానానికి లక్ష్యం ఇస్తే సులువైన కేసులు ముందుకు వస్తాయి, చిక్కువి అడుగున పడిపోతాయి. అందుచేత సూచికలను జంటలుగా పెట్టుకోవాలి. నమోదైన నేరాల పక్కన బాధితుల సర్వే, అరెస్టుల పక్కన అభియోగం లేకుండా విడుదలైనవారి సంఖ్య, తేల్చిన కేసుల పక్కన అప్పీలులో మారిన తీర్పుల సంఖ్య, అన్నిటికన్నా పాత పెండింగు కేసు వయసు ఉండాలి. ఒకటి మెరుగుపడి దాని జంట దిగజారితే పథకం గెలవలేదని ముందే రాసిపెట్టండి.

కొన్ని విషయాలను లక్ష్యాల జాబితాలో చేర్చి బేరమాడకూడదు, వాటిని హద్దులుగా గీయాలి. తీర్పు వచ్చేదాకా నిందితుడు నిర్దోషే అన్న సూత్రం, న్యాయవాది సహాయం, హింసకు తావులేకపోవడం అలాంటివి. 1990లో ఐక్యరాజ్యసమితి ఆమోదించిన టోక్యో నియమాలు విచారణకు ముందు నిర్బంధాన్ని చివరి మార్గంగా మాత్రమే వాడాలంటాయి. 2015లో సవరించి ఆమోదించిన నెల్సన్ మండేలా నియమాలు ఖైదీని వరసగా 15 రోజులకు మించి ఏకాంత నిర్బంధంలో ఉంచరాదంటాయి. ఎంత ఖర్చు తగ్గించే పథకమైనా ఈ హద్దు దాటితే దాని లాభనష్టాలు లెక్కించడానికి మీరు కూర్చోనక్కరలేదు.

5. పథకం ఎలా పనిచేస్తుందని అనుకుంటున్నారో గొలుసుకట్టుగా రాయండి

"ఇది చేస్తే అది జరుగుతుంది, అందువల్ల ఇంకొకటి జరుగుతుంది" అని ఒక్కో లంకెనూ విడివిడిగా రాసి, ఏ లంకె తెగే అవకాశం ఉందో గుర్తు పెట్టండి. న్యూయార్క్‌లో 1961లో మొదలైన మన్‌హట్టన్ బెయిల్ ప్రాజెక్టు ఇందుకు చక్కని ఉదాహరణ. డబ్బు పూచీ కట్టలేక లోపల ఉండిపోయినవారికి ఊళ్లో ఉద్యోగం, ఇల్లు, కుటుంబం ఉంటే వారు పారిపోరన్నది అక్కడివారి ఊహ. నిందితుడిని అడిగి ఆ వివరాలు రాసుకుని, ఫోనుల మీద సరిచూసి, తగినవారిని సొంత హామీ మీద విడుదల చేయవచ్చని న్యాయమూర్తికి సిఫారసు చేశారు. వివరాలు దొరుకుతాయా, న్యాయమూర్తి నమ్ముతారా, విడుదలైన మనిషి తేదీకి వస్తాడా అనే మూడు లంకెలనూ వేరు వేరుగా పరీక్షించగలిగారు. విడుదలైనవారిలో అత్యధికులు తేదీలకు వచ్చారు, ఆ అనుభవం అమెరికా బెయిల్ చట్టాన్నే 1966లో మార్పించింది.

నిందితులు తేదీకి ఎందుకు రారన్న ప్రశ్నకు చాలామంది "తప్పించుకోవడానికే" అని జవాబు చెబుతారు. గొలుసు రాసేటప్పుడు ఆ జవాబును ఒప్పుకునే ముందు ఆ మనిషి చేతిలోని కాగితం చూడండి. న్యూయార్క్ నగరంలో చిన్న నేరాలకు ఇచ్చే సమన్ల కాగితంలో తేదీ, స్థలం, రాకపోతే ఏమవుతుందన్న వివరం కంటికి మొదట కనబడేలా మార్చినప్పుడు గైర్హాజరు సుమారు 13 శాతం తగ్గింది. ముందుగా ఫోనుకు సందేశాలు పంపితే సుమారు 21 శాతం తగ్గింది. 2020లో ప్రచురితమైన ఈ ఫలితాన్ని చదివిన తరువాత, మీ ప్రాంతపు సమన్లను చట్టంతో పరిచయం లేని ఒకరి చేతికిచ్చి, ఎప్పుడు ఎక్కడికి రావాలో ఎంతసేపటికి చెప్పగలరో గమనించండి.

ఈ దశలోనే అన్ని శాఖల కింది స్థాయి ఉద్యోగులను ఒకచోట కూర్చోబెట్టి గొలుసు చదివి వినిపించాలి. సమన్లు పట్టుకుని తిరిగే కానిస్టేబులు, రికార్డు గది గుమస్తా, జైలు గేటు దగ్గర పేర్లు రాసే ఉద్యోగి చెప్పే మాటల్లో పై అధికారుల నివేదికల్లో లేని సంగతులు ఎన్నో ఉంటాయి.

6. దేనితో పోలుస్తారో ముందే తేల్చుకోండి

మూల్యాంకనంలో ఇది గుండెకాయ వంటిది, కాబట్టి ఎక్కువసేపు ఆగుదాం.

కనెక్టికట్ రాష్ట్రంలో 1955లో రోడ్డు ప్రమాదాల్లో 324 మంది చనిపోయారు. వేగం హద్దు దాటినవారి లైసెన్సులను కొంతకాలం నిలిపివేసే కఠిన విధానాన్ని గవర్నర్ ఆ ఏడాది చివర ప్రారంభించారు. 1956లో మృతులు 284 మంది. నలభై ప్రాణాలు కాపాడామన్న ప్రకటన సబబుగానే కనిపించింది. డొనాల్డ్ క్యాంప్‌బెల్, లారెన్స్ రాస్ అనే పరిశోధకులు 1968లో అంతకుముందు అనేక సంవత్సరాల అంకెలను వరుసగా గీసి చూశారు. మృతుల సంఖ్య ఏటా ఎక్కుతూ దిగుతూనే ఉంది, 1955 అసాధారణంగా ఎక్కువైన ఏడాది. అలాంటి శిఖరం తరువాతి ఏడాది, ఏమీ చేయకపోయినా, కొంత దిగడమే ఎక్కువగా జరుగుతుంది. అంకె భయపెట్టినప్పుడే ప్రభుత్వాలు కదులుతాయి గనుక, "ముందు–తరువాత" పోలిక దాదాపు ప్రతి పథకాన్నీ విజయవంతంగా చూపిస్తుంది. వారు పక్క రాష్ట్రాలతో కూడా పోల్చి చూశారు. ఆ అధ్యయనంలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచేది వేరే ఉంది. శిక్ష కఠినమయ్యాక వేగం కేసుల్లో దోషి కాదన్న తీర్పులు పెరిగాయి, లైసెన్సు నిలిపివేసినా బండి నడిపేవారు ఎక్కువయ్యారు. ఒక చోట బిగిస్తే ఇంకో చోట వ్యవస్థ తనంతట తానే వదులు చేసుకుంది. పటం లేకుండా ఈ సంగతి పట్టుబడదు.

కాబట్టి కనీసం అయిదారేళ్ల నెలవారీ అంకెలు గీయండి, పథకం లేని, మీలాంటి మరో ప్రాంతాన్ని పక్కన పెట్టండి. ఇంకా మంచి దారి, ఎవరికి పథకం అందాలో చీటీ తీసి నిర్ణయించడం. ప్రాంతాలను ముందే విడదీసి పోల్చడం కూడా ఉపయోగపడుతుంది. కాన్సాస్ సిటీ పోలీసులు 1972–73లో 15 గస్తీ ప్రాంతాలను మూడు భాగాలుగా చేసి, అయిదింటిలో మామూలు గస్తీ, అయిదింటిలో రెండు మూడు రెట్లు గస్తీ ఉంచారు, మిగిలిన అయిదింటిలో పిలిస్తే వెళ్లడం తప్ప గస్తీ తీసేశారు. నేరాల్లోనూ, ప్రజల భయంలోనూ చెప్పుకోదగిన తేడా రాలేదు. పోలీసు కారు వీధుల్లో తిరుగుతుంటే చాలునన్న నమ్మకం దశాబ్దాలుగా సరైన పరీక్ష లేకుండా ఉండిపోయిందని ఆ ప్రయోగంతో బయటపడింది.

చీటీ తీయడం అన్యాయమని మీ సమావేశంలో ఎవరో ఒకరు తప్పకుండా అంటారు. ఆ అభ్యంతరాన్ని గౌరవించాలి, జవాబు కూడా ఇవ్వాలి. పథకం మేలు చేస్తుందో లేదో నిజంగా తెలియనప్పుడు, ఉన్న వనరులు అందరికీ చాలనప్పుడు, చీటీ కన్నా పక్షపాతం లేని పద్ధతి మరొకటి లేదు. అన్నిచోట్లా చివరికి అమలు చేయవలసిందే అయితే, ఏ ప్రాంతానికి ముందు, ఏ ప్రాంతానికి ఆరు నెలల తరువాత అన్న వరస చీటీతో నిర్ణయించండి. ఎవరి హక్కునైనా తీసేసే చీటీ మాత్రం వేయకూడదు.

మేలు తప్పక జరుగుతుందని అందరూ నమ్మిన పథకం హాని చేసిన సందర్భం కూడా ఉంది. మసాచుసెట్స్‌లో కేంబ్రిడ్జ్, సోమర్‌విల్ పట్టణాల్లో 1939లో అబ్బాయిలతో ఒక పథకం మొదలైంది. ఒకేలాంటి ఇద్దరిద్దరిని జతచేసి, ప్రతి జతలో ఒకరికి ఏళ్ల తరబడి సలహాదారు తోడు, చదువు సాయం, వైద్యం, శిబిరాలు అందించారు. ముప్పై ఏళ్లకు పైగా గడిచాక పరిశోధకురాలు జోన్ మెకార్డ్ వారిని వెతికి పట్టుకుని రెండు వర్గాలనూ పోల్చి 1978లో ఫలితం ప్రకటించారు. సాయం పొందినవారిలో మూడింట రెండు వంతుల మంది అది తమకు మేలు చేసిందనే చెప్పారు. రికార్డుల్లో మాత్రం నేరాలు తగ్గలేదు, మద్యపాన వ్యసనం, అకాల మరణం వంటి కొన్ని విషయాల్లో వారే ఎక్కువ నష్టపోయి ఉన్నారు. లబ్ధిదారుల కృతజ్ఞత వాక్యాలతో నివేదిక నింపాలని మనసు లాగినప్పుడు ఈ అబ్బాయిలను గుర్తు చేసుకోండి.

ఒకచోట వచ్చిన ఫలితాన్ని ఇంకోచోటికి తేవడంలోనూ నిదానం అవసరం. మినియాపొలిస్‌లో 1981–82లో గృహహింస ఫిర్యాదుల్లో అరెస్టు, సలహా, తాత్కాలికంగా వేరుచేయడం అనే మూడింటిలో ఏది చేయాలో చీటీతో నిర్ణయించినప్పుడు అరెస్టయినవారు మళ్లీ హింసకు దిగడం తగ్గింది. ఆ ఫలితం వినగానే ఎన్నో పోలీసు విభాగాలు అరెస్టు విధానానికి మారాయి. మరో అయిదు చోట్ల అదే ప్రయోగాన్ని మళ్లీ చేసినప్పుడు ఫలితాలు చోటును బట్టి మారిపోయాయి. మిల్వాకీలో ఉద్యోగం లేనివారి విషయంలో అరెస్టు తరువాత హింస పెరిగిన గుర్తులు కనబడ్డాయి. అక్కడ దెబ్బలు తిన్నది మళ్లీ ఆ ఇంటి ఆడవాళ్లే.

7. ఫలితాన్ని కొలిచేటప్పుడు ఎవరినీ వదిలిపెట్టవద్దు

"మళ్లీ నేరం చేశారు" అనడానికి తిరిగి అరెస్టు కావడం, తిరిగి దోషిగా తేలడం, తిరిగి జైలుకు రావడం అని కనీసం మూడు అర్థాలున్నాయి. మూడింటికీ మూడు అంకెలు వస్తాయి. ఏది తీసుకుంటున్నారో, విడుదల తరువాత ఎన్ని నెలలు గమనిస్తారో పథకం మొదలుకాకముందే రాయండి. గమనించే కాలంలో కొంత భాగం వేరే కేసులో లోపలే ఉన్న మనిషి ఆ రోజుల్లో బయట నేరం చేసే అవకాశం లేదు గనుక ఆ రోజులను తీసివేయాలి.

ఇక అన్నిటికన్నా తరచుగా జరిగే పొరపాటు చూడండి. ఒక వ్యసన విముక్తి శిక్షణలో 100 మంది చేరారు, 40 మంది పూర్తిచేశారు. పూర్తిచేసినవారిలో 8 మంది, అంటే 20 శాతం, మళ్లీ అరెస్టయ్యారు. శిక్షణలో చేరని పోలిక వర్గంలో 38 శాతం అరెస్టయ్యారు. నిర్వాహకులు సగానికి సగం తగ్గించామంటారు. మధ్యలో మానేసిన 60 మంది ఏమయ్యారని అడిగితే వారిలో 30 మంది అరెస్టయ్యారని తెలుస్తుంది. మొత్తం 100 మందిలో 38 మంది, పోలిక వర్గంతో సరిసమానం. శిక్షణ వల్ల తేడా రాలేదు, ముందే నిలదొక్కుకోగల 40 మందిని అది జల్లెడ పట్టిందంతే. చేరినవారందరినీ చివరిదాకా లెక్కలో ఉంచాలన్న నియమాన్ని ఎవరు బతిమాలినా సడలించవద్దు.

సగటు కింద ఏం దాగిందో కూడా చూడాలి. స్త్రీలు, బాల నేరస్థులు, పేదలు, మైనారిటీలు, అధికార భాష రానివారు, మానసిక అనారోగ్యం ఉన్నవారికి ఫలితాలు విడిగా తీయండి. మొత్తం మీద నిర్బంధ కాలం తగ్గి, ఒక వర్గానికి మాత్రం పెరిగితే ఆ పథకాన్ని అలాగే కొనసాగించే అర్హత మనకు లేదు. పాత అరెస్టుల సమాచారంతో తయారైన ముప్పు అంచనా పత్రాలు (మనిషి మళ్లీ నేరం చేసే అవకాశానికి మార్కులు వేసేవి) వాడుతున్నచోట ఈ పరీక్ష ఇంకా ముఖ్యం, ఎందుకంటే గతంలో ఎవరి వీధుల్లో గస్తీ ఎక్కువగా తిరిగిందో వారి మార్కులే అందులో చెడ్డగా వస్తాయి.

8. అమలు జరిగిందా అని విడిగా పరిశీలించండి

ఫలితం రాకపోవడానికి ఆలోచన తప్పు కావచ్చు, లేదా అసలు అమలే కాకపోయి ఉండవచ్చు. వారానికి ఒకసారి కలవవలసిన ప్రొబేషన్ అధికారి నెలకు ఒకసారి కలిస్తే, ఆ పథకాన్ని పరీక్షించామని చెప్పలేం. కలిసిన తేదీలు, ఎంతసేపు మాట్లాడారు, మధ్యలో అధికారి బదిలీ అయ్యారా అన్న మూడు వివరాలను నెలనెలా సేకరిస్తే చాలు.

9. ఖర్చు లెక్క

జైలు బడ్జెట్‌ను ఖైదీల సంఖ్యతో భాగించి, వంద మంది తగ్గితే అన్ని రెట్లు మిగులుతుందని రాస్తారు. అది నిజం కాదు. వార్డెన్ల జీతాలు, గోడలు, దీపాలు అలాగే ఉంటాయి, తిండి, బట్టలు, మందుల ఖర్చు మాత్రమే తగ్గుతుంది. ఒక వార్డును పూర్తిగా మూసివేసేంత సంఖ్య తగ్గినప్పుడే పెద్ద మొత్తం మిగులుతుంది. రెండు లెక్కలూ పక్కపక్కన చూపండి. ప్రభుత్వ ఖాతాలో పడని ఖర్చులు, అంటే సాక్షి పోగొట్టుకున్న కూలి, ములాఖత్‌కు వచ్చే కుటుంబం ప్రయాణ ఖర్చులు, చివరికి నిర్దోషిగా తేలిన మనిషి పోగొట్టుకున్న ఉద్యోగం కూడా ఆ పట్టికలో ఒక వరసగా ఉండాలి. రూకల్లో కట్టలేనివాటిని రోజుల్లోనైనా రాయండి.

10. నివేదిక రాయడం, ఆ తరువాత

ఏ ఫలితం వస్తే పథకాన్ని విస్తరిస్తారు, ఏది వస్తే సవరిస్తారు, ఏది వస్తే ఆపేస్తారు అన్న మూడు వాక్యాలను అంకెలు చేతికి రాకముందే అయిదు శాఖల అధికారుల చేతా సంతకం చేయించండి. తరువాత అడిగితే ఎవరూ చేయరు. నివేదికలో విఫలమైన భాగాన్ని మొదటి పుటల్లోనే పెట్టండి. అనుబంధంలోకి నెట్టిన వైఫల్యం మరో ప్రాంతంలో కొత్త పేరుతో మళ్లీ మొదలవుతుంది. మీరు మాట్లాడిన బాధితులు, సాక్షులు, విడుదలైనవారి పేర్లూ గుర్తుపట్టే వివరాలూ తొలగించి, వారు చెప్పినది మాత్రం వారి మాటల్లోనే ఉంచండి.

ఆ పాతిక ఫైళ్ల వాయిదాల పట్టికను పారేయకండి. పథకం మొదలైన ఏడాదికి, తీర్పు వచ్చిన మరో పాతిక ఫైళ్లు తీసి, అదే పట్టికను అదే గడులతో మళ్లీ నింపి, పాతదాని పక్కన నివేదిక చివరి పుటలో అతికించండి. దాని కింద తరువాతి లెక్కింపు తేదీ, ఆ ఫైళ్లు చదవవలసిన అధికారి హోదా రాసి, ఆ పుట నకలును అయిదు శాఖలకూ ఒకే రోజున పంపండి.